ఏడో మెట్టు పాముపొడ

ఒకటో రోజు

పొద్దున తలుపు తీసేసరికి గడప మీద గుప్పెడు బూడిద పోసి ఉంది. అంటే ఎక్కడో ఆకు మీద మచ్చ కనబడిందన్నమాట. నాకు కబురు ఇలాగే వస్తుంది. మనిషి వచ్చి "అమ్మా, ఆకు చూద్దువు రా" అనడు. బూడిద పోసి, అందులో వేలితో ఎన్నో మెట్టో అన్ని గీతలు గీసి పోతాడు. తొమ్మిదేళ్ళుగా నాకు దక్కే మర్యాద ఇది. గీతలు లెక్కపెట్టాను. ఏడు. ఊడ్చి పారబోసి, తిట్టాల్సినవాళ్ళను పేరుపేరునా తిట్టుకుని బయల్దేరాను.

నా పేరు సుంకులమ్మ. ఆకులు చూసి వాటిలో చేరిన పురుగు ఏదో తేల్చి చెప్పేదాన్ని ఈ గుంతలో నేనొక్కదాన్నే. ఎదురుగా ఉంటే ఆకమ్మ అంటారు, వెనక్కి తిరిగితే కొరివిదెయ్యం అంటారు. ఈ పుస్తకం గుంత దస్తావేజు కాదు, నా సొంతం. దస్తావేజులో తిట్లు రాయనివ్వరు కాబట్టి ఇది విడిగా పెట్టుకున్నాను.

ఏడో మెట్టుకు దిగేసరికి మోకాళ్ళు పట్టేశాయి. ముత్తాతల నాటి ముగ్గురాయి గని ఇది. తవ్వినవాళ్ళు తమ లారీలు దిగడానికి మెట్లు చేసుకున్నారు గానీ నా మోకాళ్ళను తలుచుకోలేదు. ఆ మెట్ల మీదే ఇప్పుడు మా ఇళ్ళు, కానుగ తోపులు, పైన అద్దాల మూత. ఒక మెట్టు చెట్లు ఆ మెట్టు మనుషులకే గాలి సరిపెడతాయి, అదనంగా ఒక్క ప్రాణికి చాలదు. చెట్లు తగలబడితే ఆ మెట్టు మనుషులు పై తలుపు గుండా బయటి ఎండలోకి పోవాల్సిందే. ఏడో మెట్టులో మూడువందల పన్నెండు చెట్లు, నలభై ఒక్క మంది.

మెట్టు పెద్ద నాంచారమ్మ చెట్టు కింద నిలబడి ఉంది. నాకంటే రెండేళ్ళు చిన్న, నాలుక మాత్రం నాకంటే పెద్దది.

"వచ్చినావా? నిప్పు చేత్తోనే తెచ్చినావా, మళ్ళా వచ్చి తెచ్చుకుంటావా?" అంది.

"ఆకియ్యి."

"ఇయ్యక యాడికి పోతా. ఇయ్యకుంటే దాసిపెట్టినామంటావు. నాలుగో మెట్టోళ్ళనూ అట్లే అంటివి గదా."

నాలుగో మెట్టును కాల్పించింది నేనే. తొమ్మిదేళ్ళయింది. ముప్ఫై ఆరు మంది పై తలుపు దాటారు, మూడో రోజు నుంచి వాళ్ళ కబురు లేదు. అందులో నాంచారమ్మ చెల్లెలు మంగమ్మ ఒకతె. మిగతా మెట్లన్నీ ఇవాళ బతికి ఉన్నాయంటే నా సంతకం వల్లే. కృతజ్ఞతగా ఏటేటా నాకు బూడిద.

నాంచారమ్మ కొమ్మ వంచి ఆకు తెంపింది. కొంగున దోపుకున్న తడిగుడ్డతో పైవైపు శుభ్రంగా తుడిచి అప్పుడు నా చేతిలో పెట్టింది. తుడవని ఆకు ఇవ్వడం మా దగ్గర ఎంగిలి చెంబు అందించినట్టు. ఆమె నా ముఖాన ఉమ్మినా ఉమ్ముతుంది గానీ దుమ్ము ఆకు మాత్రం ఇవ్వదు. ముగ్గురాయి గోడల నుంచి రోజంతా తెల్లదుమ్ము రాలుతుంది, అది పేరుకుంటే చెట్టుకు వెలుతురు అందదు. అందుకని రోజూ పొద్దున్నే ఇంటికొకరు నిచ్చెనలేసుకుని కుంకుడు నీళ్ళ గుడ్డతో ఆకులు తుడవడం మా మొదటి పని. నేనూ ఆరేళ్ళ వయసు నుంచి తుడిచాను.

ఆకు మీద తెల్లటి వంకర గీత ఉంది. పాము పాకిన జాడలా మెలికలు తిరిగి, మొదట సన్నంగా, పోనుపోను లావుగా. పాముపొడ. ఇంకో ఐదు ఆకులు కోయించుకుని మెట్లెక్కాను.

రెండో రోజు

సూక్ష్మదర్శిని ముందు కూర్చుని పొద్దంతా గడిపాను.

ఈ పురుగు ఆకును బయటి నుంచి తినదు. ఆకుకు పైతోలు, కిందితోలు ఉంటాయి గదా, ఆ రెంటి మధ్య పచ్చటి గుజ్జులోకి దూరి లోపలే తింటూ ముందుకు పోతుంది. కాళ్ళుండవు, ఒళ్ళు కాగితంలా పలచన. తిన్నంత మేరా వెనక నల్లటి పెంట గీత వదులుతుంది. తను పెరిగినకొద్దీ దారి వెడల్పు చేసుకుంటుంది. మచ్చ కనబడిన పన్నెండో రోజుకి తోలు చీల్చుకుని బయటపడి రెక్కల పురుగవుతుంది. రెక్కల పురుగు బియ్యపు గింజలో సగం కూడా ఉండదు. వెండి రంగు రెక్కలు, వాటి మీద నాలుగు గోధుమరంగు చారలు, నెత్తిన ఎర్రటి కుచ్చు. ఇంత ఒళ్ళుకి అంత సింగారం ఎందుకో నాకర్థం కాదు.

ముత్తాతల నాటి పురుగుల పుస్తకంలో ఇలాంటివి రెండున్నాయి. తెల్లపొడ, నల్లపొడ. గీత ఒకటే, పురుగు ఒకటే, రెక్కల మీద చారలూ ఒకటే. తెల్లపొడ తల్లి రెండు రోజులు బతికి, గుడ్లన్నీ ఒక్కసారే పెట్టి చస్తుంది. ఏడాదికొక్క కాన్పు. చెట్టుకు పదో పాతికో ఆకులు పోతాయి, అంతే. నల్లపొడ తల్లి పది రోజులు బతుకుతుంది, రోజూ గుడ్లు పెడుతుంది. పన్నెండో రోజున పిల్లలు లేచి పక్క మెట్లకు ఎగిరాయంటే రెండు నెలల్లో గుంతలో పచ్చాకు మిగలదు. అందుకే నియమం. నల్లపొడ అని తేలితే పదకొండో రోజులోపు మెట్టు తగలబెట్టాలి.

తేడా తేల్చేవి మూడు. తల్లి పురుగు దొరికితే పొట్ట చివర కోసి చూడొచ్చు, కానీ అది దొరకలేదు. రెండోది, రోజురోజుకూ కొత్త గీతలు వస్తున్నాయా లేదా అని లెక్కపెట్టడం. మూడోది గుడ్డు. తెల్లపొడ ఆకు పైవైపు గుడ్డు పెడుతుంది. పిల్ల గుడ్డు అడుగు నుంచే నేరుగా ఆకులోకి దిగిపోతుంది గనక ఖాళీ డొల్ల గీత మొదట్లో మెరిసే చుక్కలా ఆకుకు అంటుకునే ఉంటుంది. నల్లపొడ కిందివైపు పెడుతుంది, ఆ డొల్ల రాలిపోతుంది. పైన చుక్క ఉంటే తెల్లపొడ, లేకపోతే నల్లపొడ. పుస్తకం అంత తేలిగ్గా రాసింది.

ఆరు ఆకులు చూశాను. పైన చుక్క లేదు.

మూడో రోజు

ఏడో మెట్టు వాళ్ళ చేత లెక్క పెట్టించాను. యాభై ఎనిమిది గీతలు. చెట్టు చెట్టుకూ నా కళ్ళముందే లెక్కపెట్టమన్నానని నాంచారమ్మకు ఒళ్ళు మండింది.

"మా కండ్లను నమ్మవా?"

"నమ్మను."

"మాకేమన్నా చూపు లేదా?"

"చూపుంది. భయం కూడా ఉంది. భయపడ్డవాళ్ళు ఆకులు తెంపి పొయ్యిలో వేస్తారు. రెండో మెట్టులో ఒక ముసలాయన నమిలి మింగాడు కూడా, దస్తావేజులో ఉంది."

"మింగితే ఆ ముసలాయనకు అరిగిందా లేదా, అది గుడక రాసినారా?"

అక్కడున్నవాళ్ళు నవ్వారు. నాకు కోపం వచ్చింది. మీ ప్రాణాల మీదికి వచ్చింది, ఇంకా వేళాకోళమా అని అరిచాను. నవ్వడం ఆపేశారు. పోయేటప్పుడు నీళ్ళ తొట్టి దగ్గర ఆగితే ఒకామె తన బిందెను నా నీడ పడకుండా పక్కకు జరుపుకుంది.

ఐదో రోజు

లెక్క మళ్ళీ యాభై ఎనిమిది. నిన్న యాభై తొమ్మిది, ఈ రోజు ఒకటి తగ్గింది కూడా. నల్లపొడ అయితే ఈపాటికి రెట్టింపు కావాలి. పైన చుక్క లేని నల్లపొడ ఎక్కడైనా గీతలు పెంచకుండా ఊరుకుంటుందా? దాస్తున్నారు. నాలుగో మెట్టులోనూ అచ్చం ఇదే చేశారు. నలభై ఒక్క మంది కోసం గుంత మొత్తాన్ని చంపడానికి తయారయ్యారు. వీళ్ళకు గాలి విలువ తెలియదు, పక్కవాడి ప్రాణం విలువ అసలే తెలియదు.

ఇంకో ఇరవై ఆకులు తెప్పించుకుని చూశాను. శుభ్రంగా మెరుస్తున్నాయి ఒక్కొక్కటీ. ఎక్కడా చుక్క లేదు.

ఆరో రోజు

సంతకం పెట్టాను. ఏడో మెట్టు, నల్లపొడ, పదకొండో రోజు పొద్దున మంట.

గుంత పెద్ద ఓబులేసు కాగితం తీసుకుని రెండుసార్లు చదివాడు. మెత్తటి మనిషి, ఎవరి మీదా గొంతు లేపడు, ఎవరికీ ఏదీ కాదనడు, చివరికి తను అనుకున్నదే చేస్తాడు.

"గట్టిగా తెలుసునా సుంకులమ్మా?"

"ఇరవై ఆరు ఆకులు చూశాను."

"సరే మల్ల. నువ్వు చెప్పినాక ఇంగేముంది."

మంటపని దస్తగిరి అప్పుడే కానుగ నూనె డబ్బాలు వరసగా పెట్టిస్తున్నాడు. నన్ను చూసి తల తిప్పుకున్నాడు. ఇతనికి నా మీద కోపమెందుకో నాకు తెలీదు. నిప్పు పెట్టేది తనే గదా.

ఏడో మెట్టు వాళ్ళు ఏడవలేదు. అది నన్ను ఇంకా చికాకు పెట్టింది. మూటలు కట్టుకోవడం మొదలుపెట్టి, మధ్యలో పొద్దుటి పని మానకుండా ఆకులు తుడుచుకుంటున్నారు. తగలబడబోయే చెట్లకు తుడుపెందుకు అని ఒకాయన్ను అడిగాను. ఆయన గుడ్డ పిండుకుంటూ, "ఈ పొద్దు గుడక గాలి పీలుస్తాండాం గదమ్మా" అన్నాడు.

ఎనిమిదో రోజు

లెక్క యాభై ఎనిమిది.

నాకు పట్టలేని కోపం వచ్చింది. దాచిన ఆకులు పట్టుకుని వీళ్ళ ముఖాన కొట్టాలనిపించింది. ఇళ్ళు వెతికించాను, పొయ్యిలు కెలికాను, గోనెసంచులు దులిపాను. ఎండుటాకు దొరికింది గానీ పొడ ఉన్న ఆకు దొరకలేదు. నాంచారమ్మ గుమ్మంలో కాళ్ళు చాపుకుని కూర్చుని చూస్తోంది.

"మా కడుపులు గుడక కోసి చూడు. మింగినామేమో."

"చెట్ల చివరన దాచారు. మీకు అందని చోట."

"మాకు అందని చోట మేమెట్ల దాస్తాం మేయ్? నీకు మతి పోయిందా?"

మాట సబబుగానే ఉంది. అయినా పంతానికి నిచ్చెన తెప్పించుకుని గోడవార ఉన్న పెద్ద కానుగ ఎక్కాను. యాభై మూడేళ్ళ వయసులో చెట్టెక్కడం. నిచ్చెన ఆఖరి మెట్టు నుంచి కూడా పై కొమ్మలు రెండు బారలు ఎత్తున ఉన్నాయి. కొమ్మ పట్టుకుని, కొంగు చిరిగి, నానా తిట్లూ తిట్టుకుంటూ పాకాను. పడితే మాదేం పూచీ లేదని కింద నుంచి ఎవరో అరిచారు.

చిటారు కొమ్మన ఆకులు తెల్లగా, దుమ్ము పొరతో ఉన్నాయి. అక్కడికి ఎవరి గుడ్డా చేరదు. ఒక ఆకు మీద పాముపొడ గీత దుమ్ము కిందినుంచి లీలగా కనబడింది. దాచిన ఆకు కాదది, ఎవరూ చూడనే లేని ఆకు. నోటితో ఊదాను. దుమ్ము లేచిపోయింది.

గీత మొదట్లో, ఆకు పైవైపు, మెరుస్తూ ఒక చుక్క ఉంది.

బొడ్డున దోపుకున్న భూతద్దం తీశాను. చూశాను. డొల్ల. లోపలంతా ఖాళీ. ఇంకో ఆకు ఊదాను. చుక్క. ఆ కొమ్మన పొడ ఉన్న ఆకులు తొమ్మిది దొరికాయి, తొమ్మిదింటి మీదా చుక్కలున్నాయి. కొమ్మను కరుచుకుని ఎంతసేపున్నానో తెలీదు. కింద నాంచారమ్మ "బతికే ఉండావా?" అని కేకేసింది.

తొమ్మిది ఆకులూ రవికెలో దోపుకుని దిగాను. పక్కనున్నామె చేతిలోంచి తడిగుడ్డ లాక్కున్నాను. ఒక ఆకు తీసి, ఆరేళ్ళప్పటి నుంచి తుడిచినట్టే, వేళ్ళతో అదిమి ఒక్కసారి తుడిచాను. ఆకు శుభ్రంగా మెరిసింది. చుక్క లేదు. గుడ్డ మీద ఆవగింజలో వందోవంతు మెరుపు మిగిలింది, అదీ పిండగానే పోయింది.

ఆ పుస్తకం వానలు పడే రోజుల్లో రాసింది. వాళ్ళ చెట్లను వాన కడిగేది. వానకు రాలని డొల్ల కుంకుడు నీళ్ళకు, మనిషి వేలికి రాలుతుందని వాళ్ళకేం తెలుసు? ఆకును రోజూ తుడిచే మనుషులుంటారని వాళ్ళు కలలో కూడా అనుకుని ఉండరు. నా జన్మలో నేను తుడవని ఆకును చూడలేదు. నాకు ఎవరూ అలాంటిది ఇవ్వలేదు, నేనూ అడగలేదు.

"ఏందది? ఏమాయె?" అంది నాంచారమ్మ.

"రేపు చెబుతా," అని మెట్లెక్కి వచ్చేశాను. ఆమె వెనకనుంచి తిట్టిన తిట్లు మూడో మెట్టు దాకా వినబడ్డాయి.

తొమ్మిదో రోజు

రాత్రి కన్నంటుకోలేదు. తెల్లారగానే నాలుగో మెట్టు దస్తావేజు తీశాను.

తొమ్మిదేళ్ళ కిందటి నా చేతిరాత. పైన చుక్క లేదు, నల్లపొడ అని రాశాను. దాని కింద రోజువారీ లెక్క. అరవై మూడు, అరవై నాలుగు, అరవై మూడు, అరవై మూడు. పది రోజులూ పెరగలేదు. పక్కన నా చేత్తోనే రాసిన మాట: "ఆకులు దాస్తున్నారు."

దాచలేదు. వాళ్ళు దాచలేదు. చుక్క సంగతి నాకు తెలియక పోయిందని సరిపెట్టుకోవచ్చు, లెక్క సంగతి ఎలా సరిపెట్టుకోను? అది నా కళ్ళముందే ఉంది. పుస్తకం లెక్క చూడమని చెప్పింది. లెక్క తెల్లపొడ అని అరుస్తుంటే, నేను లెక్కపెట్టినవాళ్ళను దొంగలన్నాను. వాళ్ళు నాకు నచ్చరు, అంతే. ముప్ఫై ఆరు మందిని బయటికి పంపించింది నల్లపొడ కాదు, నేను.

ఓబులేసు దగ్గరికి పోయి ఆకులు చూపించాను, లెక్కలు చూపించాను. ఏడో మెట్టు తెల్లపొడ, మంట ఆపు అన్నాను. అతని ముఖం విప్పారింది.

"మంచిమాట చెప్పినావు తల్లీ. నలభై ఒక్క ప్రాణాలు."

"నాలుగో మెట్టు కూడా తెల్లపొడే."

కాగితాలన్నీ ఒక్కొక్కటే సర్దాడు. తర్వాత దస్తావేజు మెల్లగా మూసి నా వైపు తోశాడు.

"ఏడు వరకే రాయి. చెట్టు చిటారున చుక్క దొరికిందని రాయి. నాలుగు ఊసెత్తొద్దు. పోయినోళ్ళు ఎట్లా రారు గదా. తెలిస్తే నిన్ను ఈ జనం బతకనిస్తారా? నిన్నేదన్నా చేస్తే రేపు ఆకు చూసేదెవరు? గుంత కోసం చెప్తాండా."

నిజం రాస్తాను ఇక్కడ. ఆ మాట నాకు తియ్యగా అనిపించింది. ఏడో మెట్టును కాపాడిన ఆకమ్మ. బూడిద ఆగిపోతుంది. నాంచారమ్మ నాకు ఒక లోటా నీళ్ళు ఇస్తుందేమో కూడా. ఇంటికొచ్చి కాగితం ముందు పెట్టుకుని ఏడు వరకే రాశాను. సంతకం పెట్టబోయి ఆగాను. నాలుగు రాయకపోతే తుడుపు సంగతి రాయలేను, లెక్క సంగతి రాయలేను, అవి చదివితే నాలుగు సంగతి ఎవరికైనా తడుతుంది. చిటారున చుక్క దొరికిందని మాత్రం రాస్తే నా తర్వాత వచ్చేది మళ్ళీ తుడిచిన ఆకే పట్టుకుని ఇంకో మెట్టు తగలబెడుతుంది. కాగితం చించి మళ్ళీ రాశాను. ఏడుస్తూ రాశాను, ఓబులేసును తిట్టుకుంటూ రాశాను.

పదో రోజు

పొద్దున గుంత అడుగున అందరినీ కూడదీశారు. ఓబులేసు నా వైపు చూసి తల అడ్డంగా ఆడించాడు. నేను చదివాను. ఏడు, తుడుపు, చుక్క, నాలుగు, లెక్క, అన్నీ.

ఏడో మెట్టు వాళ్ళు మొదట ఒకళ్ళనొకళ్ళు కావలించుకున్నారు. నాలుగు దగ్గరికి వచ్చేసరికి ఆ చేతులు విడిపోయాయి. నాంచారమ్మ జనంలోంచి నడిచి వచ్చి నా ముందు నిలబడింది. కొడుతుందనుకున్నాను. కొట్టి ఉంటే బాగుండేది.

"మా మంగమ్మ మెట్టులో ఎన్ని గీతలు?"

"అరవై మూడు."

"పది దినాలకు?"

"అరవై మూడే."

"పెరగల్యా?"

"పెరగలేదు."

"అది నీకు ఆ పొద్దే తెలుసు."

"తెలుసు. మీరంతా దొంగలనుకున్నాను."

ఆమె ఇంకో అడుగు ముందుకు వేసింది. "మా చెల్లెలు పొయ్యేముందు మూట కట్టుకోని గుడక ఆకులు తుడిసిందంట. నిన్ను తిట్టలేదు. ఆకమ్మ చెప్పిందంటే నిజమే ఉంటాదని చెప్పి పాయె. నేను తిడితే నన్నే కసిరె."

అప్పుడు జనం మీద పడ్డారు. పై తలుపు తెరవండి, ఇప్పుడే పంపండి అని అరుపులు. ఎవరో జుట్టు పట్టుకున్నారు. దస్తగిరి అడ్డం వచ్చి లాగేశాడు. ఓబులేసు ఏదో మెత్తగా అంటున్నాడు గానీ ఎవరికీ వినబడలేదు. పంపడమే న్యాయం.

నాంచారమ్మ చెయ్యెత్తింది.

"ఇప్పుడు పంపితే ఎట్ల? రేపు రెండో మెట్టుకో మూడో మెట్టుకో నిజంగానే నల్లపొడ వస్తే ఎవరు చూస్తారు? మీరు చూస్తారా? దీనికి తప్ప ఈ గుంతలో ఎవురికి తెలుసు?"

ముందున్నవాళ్ళు రెండడుగులు వెనక్కి వేశారు.

"నేను నేర్సుకుంటా. దీనికి తెలిసిందంతా నేను నేర్సుకుంటా. నేర్సుకున్న దినం పై తలుపు నేనే తీస్తా." నా వైపు తిరిగింది. "దొంగపాఠం చెప్పినావంటే నాకు తెలిసిపోతాది. చెప్తావా?"

"చెబుతాను," అన్నాను.

పద్నాలుగో రోజు

ఏడో మెట్టులో పన్నెండో రోజు పురుగులు బయటపడ్డాయి. గుడ్డ వల కట్టి ఆరింటిని పట్టాను. పొట్ట చివర కోసి చూశాను. ఆరూ తెల్లపొడే. ఎవరికీ ఆశ్చర్యం కలగలేదు, నాక్కూడా.

నాంచారమ్మ పొద్దున్నే వస్తుంది. పలకరించదు. పీట లాక్కుని కూర్చుని "చెప్పు" అంటుంది. ముప్ఫై రెండు పాఠాలని నా చేత లెక్క వేయించి గోడ మీద రాసిపెట్టుకుంది. మొదటిది తుడవని ఆకు కోయడం. అది నేను నోరు తెరవకముందే తనే చెప్పేసింది, ఇక నేను చెప్పేదేముంది? మెట్టుకు ఐదు చెట్లు తుడవకుండా వదలాలని గుంతంతా చాటించింది. పాతవాళ్ళు సిగ్గుచేటన్నారు, ఆమె నోటికి జడిసి ఊరుకున్నారు.

ముప్ఫై మూడో రోజు

ఇరవై ఒకటి అయ్యాయి. ఇంత చురుకుగా ఉంటుందని అనుకోలేదు. చేతులు మోటువి, కుంకుడు నీళ్ళకు పగిలి ఉన్నాయి. కానీ సూది పట్టుకుంటే వణకవు. ఒక ఆకు పెట్టి పొడ వయసెంతని అడిగితే గీత కొసన పెంట ఎంత లావుందో చూసి టకటకా చెప్పేస్తుంది. చెప్పాక నా ముఖం చూడదు, గోడ మీద గీత కొట్టేసుకుంటుంది. ఆమెకు పని పట్టుబడుతున్నకొద్దీ నాకు గాలి తక్కువవుతోంది. ఏం చెయ్యను, బాగా నేర్చుకునే మనిషికి సగం చెప్పడం నా వల్ల కాదు. ఇదొక ఖర్మ.

నిన్న ఒక పాఠం సాగదీశాను. రెక్క పొలుసుల గురించి పొద్దుగూకే దాకా చెప్పాను.

"ఇది ఒక్క మాటలో అయిపాయె గదా. ఎందుకు సాగదీస్తాండావు?" అంది.

"అయిపోయింది," అన్నాను. తలొంచుకున్నాను.

నలభై ఆరో రోజు

నాలుగు రోజుల కిందట రెండో మెట్టులో మచ్చ. ఈసారి బూడిద నా గడప మీద పడలేదు. కబురు నాంచారమ్మ ఇంటికి పోయింది. ఆమె ఒక్కతే వెళ్ళి, తుడవని చెట్ల ఆకులు కోసుకుని వచ్చి బల్ల మీద పరిచింది.

"నువ్వు మాట్లాడొద్దు," అంది.

ఆమె రెండు గంటలు చూసింది. ఆకు తిప్పి చూసింది, వెలుగుకు పట్టి చూసింది. చుక్క పైవైపే ఉంది. అయినా ఆగకుండా మూడు రోజులు పోయి లెక్క పెట్టింది, అక్కడివాళ్ళతో కూర్చుని, వాళ్ళ మాట నమ్మి. పెరగలేదు. తెల్లపొడ అని తనే సంతకం పెట్టింది. పందొమ్మిది మంది ఉన్నారు ఆ మెట్టులో. తప్పు వెతకాలని నేనూ మళ్ళీ అన్నీ చూశాను. తప్పు లేదు.

యాభై ఒకటో రోజు

గోడ మీద ఒకటి మిగిలింది. తల్లి పురుగు పొట్ట చివర కోసి, లోపలి కొక్కెం ఆకారం చూసి తెలుపో నలుపో చెప్పడం. అదొక్కటి వస్తే ఆమెకు నాతో పని లేదు.

నాంచారమ్మ వచ్చి పీట మీద కూర్చోలేదు. గోడ వైపు చూస్తూ నిలబడింది. నా గదిలో మూట కట్టి ఉండడం చూసింది. బయట ఎండలు ఈ నెల మరీ ఎక్కువగా ఉన్నాయని, మరో నెలకు కాస్త తగ్గుతాయని దస్తగిరి ఎవరితోనో అంటుంటే విన్నాను. ఆమె కూడా వినే ఉంటుంది.

"ఇది కష్టమైన పాఠమంట గదా," అంది. నా వైపు చూడలేదు. "నెల పడతాదా?"

పడుతుందని చెప్పొచ్చు. ఆమె ఒప్పుకునేది. అది అడిగిన తీరులోనే తెలుస్తోంది. నా మీద జాలి చూపిస్తోందని నాకు ఒళ్ళు మండింది. మంగమ్మకు ఎవరు నెల ఇచ్చారు?

"ఒక్క పూట," అన్నాను. "కూర్చో."

ఆమె కూర్చుంది. సూది తీసి ఆమె చేతికిచ్చాను.